చిగురు పన్ను

1879 నాటి రంప తిరుగుబాటుకి మన పాఠ్యగ్రంథాల్లో దక్కే చోటు నాలుగైదు పంక్తులు. ఆ పంక్తుల్లో కారణాల జాబితా ఒకటి వుంటుంది: మన్సబుదారు దోపిడీ, ముఠాదారుల అసంతృప్తి, పోలీసుల జులుం, వర్తకుల మోసాలు, చిట్టచివర కల్లు మీద ఆంక్షలు. ఈ చివరి మాట దగ్గరికి వచ్చేసరికి పుస్తకం రాసినవాడి గొంతు తగ్గుతుంది. పాఠం చెప్పేవాడి గొంతూ తగ్గుతుంది. నాకు తెలుసు, కోస్తా పట్టణంలో ఒక కళాశాలలో చాలా ఏళ్లు ఆ పాఠం చెప్పినవాణ్ణి నేనే. దేశం కోసం తిరగబడ్డారంటే చెప్పుకోవడానికి గౌరవంగా వుంటుంది. భూమి కోసమంటే మన సిద్ధాంతానికి అతుకుతుంది. కల్లు కోసమంటే ఎట్లా? అందుకని ఆ మాటను వేగంగా దాటేసి, పోడు దగ్గరా పన్నుల దగ్గరా నిలబడి, తీరిగ్గా మాట్లాడేవాణ్ణి.

ఒక ఏడాది నా తరగతిలో మన్యం నుంచి వచ్చిన కొండరెడ్డి కుర్రవాడొకడు వున్నాడు. పాఠం అయిపోయాక వరండాలో నా పక్కన నడుస్తూ అడిగాడు: “మాస్టారండీ, కల్లు మీద ఆంక్షలు అన్నారు గదండీ. తాగుడు మానిపించడానికి పెట్టారాండీ అవి?” కాదని, ఆదాయం కోసమని చెప్పాను. అతను కాసేపు ఊరుకుని, “మా ఇంట్లో గింజలు అయిపోయిన నెలల్లో పొయ్యి మీద ఎసరు పెట్టరండీ. జీలుగు కుండే మాకు తిండండీ. మీరు దాన్ని తాగుడులో వేశారు” అన్నాడు.

ఆ మాట నన్ను చాలాకాలం పీడించింది. ఈ వ్యాసం ఆ కుర్రవాడికి నేను ఆలస్యంగా చెబుతున్న జవాబు. మనిషికీ మొక్కకీ గల సంబంధాన్ని గురించి కవులు చాలా రాశారు. చరిత్రకారులు మాత్రం దాన్ని వృక్షశాస్త్రజ్ఞులకు వదిలేశారు. ఆ సంబంధం మధ్యలోకి ఎవడో మూడోవాడు రసీదు పుస్తకం పట్టుకుని దిగిన క్షణం నుంచి అది చరిత్రకారుడి పనే అవుతుందని నా అభిప్రాయం.

ముందు చెట్టు సంగతి చూద్దాం. మైదానంలో మనకు తాడి, ఈత తెలుసు. గోదావరికి ఉత్తరాన కొండల్లో వాటికంటె ముఖ్యమైంది జీలుగు. తాడికి ఆకు విసనకర్రలా వుంటుంది, జీలుగుకి చేపతోకల్లాంటి చిన్న చిన్న రెక్కలుగా చీలి వుంటుంది. విత్తు పడి మొలిచిన మొక్క కుండ కట్టే వయసుకి రావడానికి పదేళ్ల పైనే పడుతుంది. అది పుష్పించే తీరే వింత. మొదటి గెల తల దగ్గర వేస్తుంది. తర్వాతవి ఒకదాని కింద ఒకటిగా దిగుతూ వస్తాయి. అట్లా కొన్నేళ్లపాటు దిగి, అడుగు గెల వేశాక చెట్టు చచ్చిపోతుంది. అంటే ప్రతి జీలుగు చెట్టూ ఒక లెక్క ప్రకారం తరిగిపోయే ఆస్తి. ఏ చెట్టుకి ఎన్ని గెలలు మిగిలాయో కొండమనిషికి తెలిసే వుంటుంది. చచ్చిన చెట్టు కూడా వృథా కాదు. కరువులో దాని మాను చీల్చి లోపలి గుజ్జును దంచి, పిండి తీసి అంబలి కాచుకున్నారు. మామిడి టెంకలోని జీడిని దంచి, నానబెట్టి, విషం పోయేదాకా కడిగి అంబలి కాచుకునేది కూడా ఈ జనమే. ఆ కడగడంలో పొరపాటు జరిగి మనుషులు చచ్చిపోయారన్న వార్త మనం పత్రికల్లో చదివి, వెంటనే మరిచిపోతూ వుంటాం.

1940 దశకం మొదట్లో ఆ కొండల్లో తిరిగి కొండరెడ్ల మీద పుస్తకం రాసిన హైమెండార్ఫ్ జీలుగుకి ఆ జనం బతుకులో ఎంత చోటున్నదో విపులంగానే చెప్పాడు. 1945లో వెలువడిన ఆ పుస్తకం అనేక విషయాల్లో నిజాం ప్రభుత్వపు అధికారి కంటితో రాసినదే. అయినా ఆ ఒక్క విషయంలో ఆయన మన పాఠ్యగ్రంథాల కంటె నిజాయితీగా వున్నాడు.

ఇక రసం సంగతి. దీన్ని ప్రత్యేకంగా చెప్పాలి, ఎందుకంటే మొత్తం తగాదా ఇక్కడే వుంది. జీలుగు రసం పండులాగ రాలి పడేది కాదు. వెదురుగడకి కణుపుల దగ్గర కొమ్మల మొదళ్లు వదిలి, దాన్ని మానుకి కట్టి, ఆ మొదళ్ల మీద కాలు పెట్టి పైకెక్కాలి. గెల కాడను కోసి కుండ కట్టాలి. అంతటితో అయిపోదు. పొద్దునా సాయంత్రమూ ఎక్కి కోసిన మొనను పలచగా చెక్కుతూ వుండాలి. చెక్కడం మానితే గాయం మూసుకుపోతుంది, ధార ఆగిపోతుంది. కాలు జారితే ప్రాణమే పోతుంది. కనక జీలుగు కల్లు ‘ప్రకృతి ప్రసాదం’ అనేది చెట్టెక్కనివాడి మాట. రోజుకి రెండుసార్లు మనిషి కత్తి పడితేనే ఆ రసం వుంటుంది, పడకపోతే లేదు. మొక్కకీ మనిషికీ మధ్య శ్రమ ఇంత స్పష్టంగా కనబడే చోట్లు తక్కువ.

ఇప్పుడు రంప. అప్పటి గోదావరి జిల్లాలో కొండప్రాంతం. కుంఫిణీవాళ్లు దాన్ని మన్సబుదారుకి పేష్కషు లేకుండా వదిలేశారు. మన్సబుదారు కింద ముఠాదారులు, వాళ్ల కింద కొండరెడ్లు, కోయలు. 1835లో మన్సబుదారు చనిపోయిన తర్వాత వారసత్వపు తగాదాలు వచ్చాయి. చివరికి 1848లో అతని కొడుకు మాధవతి రామభూపతిని ప్రభుత్వం గుర్తించింది. అతను ధర్మపత్నికి పుట్టినవాడు కాడని ముఠాదారుల అభ్యంతరం. అది భూస్వామ్య సమాజపు అభ్యంతరం, మనం దానికి ఎక్కువ విలువ ఇవ్వనక్కరలేదు. అసలు సంగతి లెక్కల్లో వుంది. ముఠాదారులు ఏడాదికి 8,750 రూపాయలు చెల్లించేట్టు ఒడంబడిక. మన్సబుదారు దానితో ఆగలేదు. కొందరి ముఠాలు లాక్కున్నాడు. కట్టెకి, మేతకి పన్ను వేశాడు. వాటన్నిటికీ పైన చిగురు పన్ను.

చిగురు పన్ను! ఆ పేరు పెట్టినవాడెవడోగాని, దోపిడీకి ఇంత లేతపేరు మన భాషలో మరొకటి లేదు. గీసే చెట్టు మీద పన్ను అది.

ఇదంతా పాత భూస్వామ్య దోపిడీయే. దాన్ని కొండజనం అరిచీ, అలిగీ, అప్పుడప్పుడు తిరగబడీ భరిస్తూ వచ్చారు. 1870 దశకంలో దీనికి కొత్తది తోడయింది. మద్రాసు ప్రభుత్వపు ఆబ్కారీ నిబంధనలు కొండల్లోకి వచ్చాయి. ఇంటి అవసరానికి సైతం కల్లు తీయకూడదన్నారు. తీసే హక్కును పాట పాడుకున్న కంట్రాక్టర్లకు అప్పగించారు.

ఇంటి కుండను ఎందుకు నిషేధించాలి? ఇక్కడ ఆగి ఆలోచించాలి. కొండమనిషి ఆరోగ్యం మీద మద్రాసులోని రెవెన్యూ బోర్డుకి దిగులు పుట్టి కాదు. పాటదారు వేలంలో డబ్బు పెట్టేది గుత్త హక్కు కోసం. ప్రతి ఇంటికీ సొంత చెట్టూ సొంత కుండా వుంటే అతని దగ్గర కొనేవాడెవడు? కొనేవాడు లేకపోతే వేలంలో పాడేవాడెవడు? ఆదాయం పుట్టాలంటే ముందు ఆ మనిషిని చెట్టు నుంచి విడదీయాలి. నిన్నటిదాకా ఇంటి వెనక తాను కట్టుకున్న కుండలోదే ఇవాళ పైసలిచ్చి తెచ్చుకోవాలి. ఉత్పత్తి సాధనాన్ని ఉత్పత్తిదారు నుంచి వేరు చేయడమంటే ఏమిటని తరగతిలో మనం ఇంగ్లండు రైతుల కంచెల కథ చెబుతాం. మన జిల్లాలో చెట్టు నిలబడిన చోటే నిలబడి వుండగా, కంచె లేకుండా, ఒక్క సర్క్యులరుతో ఆ పని జరిగింది.

తర్వాతవన్నీ దాని వెనకే వచ్చాయి. చెట్టు కింద పైసా అవసరం లేనివాడికి పైసా అవసరం పడింది. పైసా వున్నది మైదానం నుంచి వచ్చిన వర్తకుడి దగ్గర. అతను అప్పు ఇచ్చాడు, కాగితం రాయించుకున్నాడు. ఆ కాగితం మీద మైదానంలోని కోర్టులో దావా వేశాడు. ప్రతివాది ఆ వాయిదాకి కొండ దిగి రాలేడు. వచ్చినా ఆ భాష అర్థం కాదు. ఏకపక్షంగా డిక్రీ. అయిదు రూపాయల డిక్రీకి వంద రూపాయల విలువగల పశువులూ పంటా తోలుకుపోయిన సందర్భాలున్నాయని ప్రభుత్వ విచారణే ఒప్పుకుంది. జప్తుకి వచ్చినవాడి వెంట పోలీసు. ఆ పోలీసుకి కొండల్లో ఎవరు తిండి పెట్టాలి, ఎవరు సామాను మోయాలి? మళ్లీ ఆ కొండమనిషే.

కనక మన పుస్తకాలు మన్సబుదారు, ముఠాదారు, వర్తకుడు, కోర్టు, పోలీసు, కల్లు అని ఆరు కారణాలు పక్కపక్కన పేర్చడం పొరపాటు. అవి ఆరు కావు. ఒకే యంత్రానికి ఆరు చక్రాలు. చివర్లో సిగ్గుతో రాసిన కల్లు దగ్గరే ఆ యంత్రానికి ఇరుసు వుందనేది నా వాదన.

1879 మార్చిలో చోడవరం ప్రాంతంలో పోలీసుల మీద దాడులతో తిరుగుబాటు మొదలయింది. ఏప్రిల్ నాటికి విశాఖపట్నం జిల్లా గొలుగొండ కొండలకీ, జూలైకి భద్రాచలం తాలూకా రేకపల్లికీ పాకింది. కారం తమ్మన్న దొర, అంబుల్ రెడ్డి, ద్వారబంధాల చంద్రయ్య, పులికంట సాంబయ్య నాయకులు. చంద్రయ్య అడ్డతీగల పోలీసు ఠాణాను తగలబెట్టాడు. పోరాటం విస్తృతంగా వున్న రోజుల్లో దాదాపు 5,000 చదరపు మైళ్ల ప్రాంతం కదిలిపోయింది. ఆరు పటాలాల కాల్బలం, సాపర్లు, గుర్రపుదళం, పైగా హైదరాబాదు కంటింజెంటు నుంచి మరికొంత సైన్యం దింపితే గాని అణగలేదు. సైనికులను తుపాకుల కంటె ఎక్కువగా మన్యపు జ్వరం పడగొట్టింది. 1880 ఫిబ్రవరిలో చంద్రయ్యను చంపారు, జూన్ లో తమ్మన్న దొరను కాల్చిచంపారు. దొరికినవాళ్లలో కొందరిని అండమానుకి పంపారు. ఇవి యుద్ధపు సంగతులు. వీరగాథలు కోరేవాళ్లకి వేరే చోట విరివిగా దొరుకుతాయి.

రేకపల్లి సంగతి మాత్రం ఒక్క క్షణం చూడాలి. అక్కడ రంప మన్సబుదారు లేడు. ఆ ప్రాంతం 1874 దాకా మధ్యపరగణాల్లో వుండేది, తర్వాత మద్రాసు రాజధానిలో కలిపారు. కలిపిన తర్వాత పోడు మీద పన్ను దాదాపు మూడింతలయింది, కొన్ని జాతుల చెట్లు నరకకూడదన్నారు. రంపలో రసం మీద పడిన చెయ్యి ఇక్కడ మాను మీద పడింది. చోడవరంలో అంటుకున్న నిప్పు రేకపల్లికి ఎందుకు పాకిందని ఆశ్చర్యపడే చరిత్రకారులు ఈ పోలికను గమనించలేదు.

తిరుగుబాటు ఇంకా సాగుతుండగానే కారణాలు విచారించడానికి రెవెన్యూ బోర్డు ప్రథమ సభ్యుడు సలివన్ వచ్చాడు. ఫలితంగా మన్సబుదారును తొలగించారు, ముఠాదారులతో ప్రభుత్వం నేరుగా ఒప్పందాలు చేసుకుంది, చిగురు పన్ను రద్దయింది, ఇంటి అవసరానికి కల్లు తీసుకునే స్వేచ్ఛ తిరిగి వచ్చింది. హెమింగ్వే 1907లో కూర్చిన గోదావరి జిల్లా గెజెటీరులో ఇదంతా పరిపాలకుడి ప్రశాంతమైన భాషలో వుంటుంది. అధికారి తప్పు చేశాడు, మరొక అధికారి సరిదిద్దాడు. మధ్యలో చచ్చిపోయినవాళ్లు ఆ వాక్యాల్లో కనబడరు. నేను దాన్ని మరోలా చదువుతాను. ఓడిపోయిన తిరుగుబాటు తాను కోరినదాన్ని ఇంత సూటిగా గెలుచుకున్న సందర్భాలు మన దేశ చరిత్రలో ఎక్కువ లేవు. గెలుచుకున్నదేమిటయ్యా అంటే కుండ. అందుకే మనం ఆ గెలుపును లెక్కలోకి తీసుకోలేదు.

ఇక్కడ మన పాఠకులకు బాగా తెలిసిన ఒక సంగతి గుర్తుచేస్తాను. 1842లో రైన్ రాష్ట్రపు శాసనసభలో అడవి కట్టెల దొంగతనాల చట్టం మీద జరిగిన చర్చను గురించి యువకుడైన మార్క్స్ తన పత్రికలో వరసగా రాశాడు. పేదలు అడవిలో రాలిన పుల్లలు ఏరుకోవడాన్ని దొంగతనంగా మార్చిన చట్టం అది. ఆర్థిక విషయాల వైపు తనను మొట్టమొదట తోసినవాటిలో ఆ చర్చ వున్నదని 1859లో ఆయనే చెప్పుకున్నాడు. అంటే మన సిద్ధాంతం ఫ్యాక్టరీలోకి వెళ్లకముందు ఒక అడవిలోంచి నడిచి వచ్చింది. రంప కుండను చూసి మనం సిగ్గుపడ్డామంటే ఆ దారి మరిచిపోయామన్నమాట. రంప ప్రశ్న ఒక విధంగా రైన్ ప్రశ్న కంటె కూడా ముందుకు పోతుంది. అక్కడ పేదవాడు ఏరుకున్నది చెట్టు వదిలేసిన పుల్ల. ఇక్కడ అతను తీసుకున్నది తన కత్తి లేకపోతే పుట్టనే పుట్టని రసం.

సలివన్ ఇచ్చినదాన్ని రెండు మూడేళ్లలోనే మరో చేత్తో లాగేసుకున్నారు. 1882లో మద్రాసు అటవీ చట్టం వచ్చింది. రిజర్వు అనే మాట తెలుగులోకి అట్లా దిగింది. ఆశ్చర్యమేమంటే, అడవుల మీద గ్రామస్తులకు అనాదిగా హక్కులున్నాయనీ, వాటిని కాదని సర్కారు సొంతం చేసుకోవడం కుదరదనీ అంతకుముందు ఏళ్ల తరబడి వాదించింది మద్రాసు రెవెన్యూ బోర్డే. సామ్రాజ్యవాదం అంతా ఒకే గొంతుతో మాట్లాడిందనుకోవడం మనకున్న చెడ్డ అలవాట్లలో ఒకటి. ఆ వాదన ఓడిపోయింది. ఓడించినవి రైలు పట్టాల కింద వేసే కొయ్యదుంగలు. 1886లో కొత్త ఆబ్కారీ చట్టం వచ్చాక మైదానంలో చెట్టు పన్ను పద్ధతి క్రమంగా వ్యాపించింది. గీసే ప్రతి చెట్టుకీ ఒక గుర్తు, ఆ గుర్తుకొక రుసుము. కొత్త శతాబ్దం వచ్చేనాటికి మద్రాసు ప్రభుత్వానికి భూమిశిస్తు తర్వాత పెద్ద ఆదాయం ఆబ్కారీయే అయింది. బొంబాయి రాజధానిలో అయితే 1892లో ఇప్పపూవు మీదనే ఒక చట్టం చేశారు. రాత్రి రాలిన పూవును పొద్దున్నే ఏరుకోవడానికి అనుమతి కావాలన్నమాట.

ఇప్పుడు ఇబ్బందికరమైన ప్రశ్న. దీన్ని తప్పించుకోకూడదు. 1922 ఆగస్టు 22, 23, 24 తేదీల్లో చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి ఠాణాల మీద వరసగా దాడి చేసిన అల్లూరి సీతారామరాజు, అంతకుముందు అదే మన్యంలో తాగుడు మానమని బోధించాడు. తాతలు కుండ కోసం తిరగబడితే, మనుమల నాయకుడు కుండ దించమన్నాడు. సహాయనిరాకరణ రోజుల గాలి అది. తమిళనాడులో పెరియార్ తన తోటలోని కొబ్బరిచెట్లు నరికించింది కూడా ఆ రోజుల్లోనే. ఈ రెండు సంగతులనీ ఒకే వీరచరిత్రలో ఎట్లా ఇమడ్చాలో తెలియక మనవాళ్లు మొదటిదాన్ని చిన్న అక్షరాల్లో వేశారు.

నేను రాజు బోధను తప్పుపట్టను. తాగుడు అనే మాట ఏ కాలంలో ఏ వస్తువును సూచిస్తున్నదో అడగకుండా తీర్పు చెప్పడాన్ని తప్పుపడతాను. 1922 నాటికి పాటదారు దుకాణమూ సారా సీసా కొండ కింద ఆరితేరి కూర్చున్నాయి. డెబ్భయ్యేళ్ల తర్వాత, 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్లు లేచింది సారా కంట్రాక్టరు మీద, అతని వెనకున్న ప్రభుత్వ ఆదాయం మీద. 1993లో సారా నిషేధం వాళ్లు సాధించిందే. 1879లో కొండరెడ్లు లేచింది కూడా పాటదారు మీదనే, అతని వెనకున్న ఆదాయం మీదనే. ఒకరు కుండ కావాలన్నారు, ఒకరు సీసా వద్దన్నారు. ఎదుట నిలబడ్డవాడు మాత్రం ఒక్కడే, వేలంపాటవాడు. ఇట్లా రాస్తున్నానని జీలుగు కల్లుతో కొండల్లో ఏ కాపురమూ చెడలేదని చెప్పను. తిండిగా వున్నది మత్తుగానూ వుంటుంది. ఆడవాళ్ల నోట వింటే ఆ సంగతి నా కంటె బాగా చెబుతారు.

తెలంగాణలో ఈ ప్రశ్న మరింత తేటగా వినబడింది. దున్నేవాడికి భూమి అన్న నినాదం పక్కనే గీసేవాడికి చెట్టు అనే నినాదం నిలబడింది. బొమ్మగాని ధర్మభిక్షం వంటివాళ్లు గీత కార్మికులను సంఘటితం చేసింది దాని కోసమే. ఈ నినాదాన్ని మనవాళ్లు మొదటిదానికి తోకగా చూశారు. నాకు ఈ రెండోదే సూక్ష్మమైనదిగా తోస్తుంది. భూమి ఎవరిదో తేలని చోట కూడా, దాని మీద నిలబడిన చెట్టు మీద హక్కు శ్రమ వల్ల పుడుతుందని అది అంటున్నది.

స్వతంత్రం వచ్చాక చట్టం చెట్టును ఎట్లా చూసిందో వేరే వ్యాసం కావాలి. ఒక్క ముచ్చట చెబుతాను. 1927 నాటి అటవీ చట్టం ప్రకారం ‘చెట్టు’ అంటే తాడి, ఈత జాతులే కాదు, వెదురు కూడా. వెదురు గడ్డిజాతి అని బడిపిల్లలకు తెలిసినా, చట్టానికి తొంభయ్యేళ్లు తెలియలేదు. 2017లో సవరణ చేసి తీసేశారు. తెలియకకాదు, చెట్టు అంటేనే అది కలప అవుతుంది, కలప అయితేనే సర్కారుది అవుతుంది. 2006 అటవీ హక్కుల చట్టం చిన్నతరహా అటవీ ఉత్పత్తుల మీద యాజమాన్యపు హక్కు అడవిలో బతికేవాళ్లదేనని రాసింది, వెదురును కూడా అందులో చేర్చింది. కాగితం మీద అది 1882ను తిరగరాయడమే. కాగితం కొండ ఎక్కడానికి ఎంత సమయం పడుతుందో అక్కడి గ్రామసభల్లో కూర్చున్నవాళ్లకు తెలుసు.

డేవిడ్ ఆర్నాల్డ్ 1982లో గూడెం, రంప పితూరీల మీద రాసిన వ్యాసం చదివిన తర్వాతే 1839 నుంచి 1924 దాకా ఆ కొండల్లో జరిగినదంతా ఒకే దీర్ఘకథగా నాకు కనబడింది. కాని ఆయన వ్యాసంలో కూడా నాకు కావలసినంత చెట్టు లేదు. దాన్ని చూడటానికి ఆ కుర్రవాడి వూరికి వెళ్లాను. అప్పటికి అతను చదువు ముగించి, కొండల్లోనే బళ్లో పంతులుగా చేరాడు. ఇంటి వెనక వాలులో వాళ్ల తాత జీలుగు చెట్టు ఒకటి వుంది. గెల బాగా కిందికి దిగింది. ఇంకొకటో రెండో, తర్వాత పోతుంది అన్నాడు పెద్దాయన, ఇంట్లో ముసలి ఎద్దును గురించి చెప్పినట్టు. పునుగుపిల్లులు పండ్లు తిని విత్తులు పడేసిన చోట మొలిచిన మొక్కలు మూడు చూపించాడు. వాటి చుట్టూ ముళ్లకంప వేశాడు. “ఇవి ఎవరివి తాతా?” అని అడిగాను. అర్థంకానట్టు నా వంక చూసి, “కంప వేసినవాడివి” అన్నాడు.

ఇప్పుడు జీలుగు రసం పులియకముందే పట్టి నీరాగా, బెల్లంగా చేయడం మీద రంపచోడవరం దగ్గర పందిరిమామిడి ఉద్యాన పరిశోధనా కేంద్రం పనిచేసింది. మంచి పని. ఆ బెల్లానికి పట్నంలో మంచి ధర వస్తుందంటున్నారు. ధర వచ్చే వస్తువు అయ్యాక దాని వెంట లైసెన్సు వస్తుంది, లైసెన్సు వెంట దాన్ని కొనగలిగినవాడు వస్తాడు. వాడు కొండకి ఇటువైపు నుంచి వస్తాడా అటువైపు నుంచి వస్తాడా అని నా పాత శిష్యుణ్ణి అడిగాను. నవ్వి, తన బళ్లో ఎనిమిదో తరగతికి రాయించిన నోట్సు తెచ్చి చూపించాడు. రంప తిరుగుబాటుకి కారణాలు అన్న శీర్షిక కింద మొదటి అంకె దగ్గర జీలుగు చెట్టు అని వుంది. నేను చెప్పిన మిగతా అయిదూ దాని కింద, దానికి కొమ్మల్లాగ గీసి వున్నాయి.